కిరీటం మీద కిరీటం: ఇందూరు, బోధన్ సీమలో బ్రిటిష్ రాజరికం

బోధన్, ఇందూరు (నేటి నిజామాబాద్) ప్రాంతాన్ని బ్రిటిష్ రాజు గానీ రాణి గానీ ఏనాడూ నేరుగా ఏలలేదు. 1948 సెప్టెంబరు దాకా ఇక్కడ సర్కారంటే నిజాం సర్కారే. లండన్ కిరీటం ఆ నిజాం నెత్తిన ఉండేది తప్ప పటేలు, పట్వారీలను దాటి రైతు కంటికి కనపడేది కాదు. అందుకే ఈ సీమలో బ్రిటిష్ రాజరికం చరిత్ర ఒక రాజు మీద ఇంకో రాజు కూర్చున్న చరిత్ర.

రెండు తోవలు

1724లో మీర్ కమరుద్దీన్ ఖాన్ దక్కన్‌లో స్వతంత్రించి అసఫ్‌జాహీ వంశానికి పునాది వేశాడు. అప్పటికి తెలుగు నేల చాలావరకు ఒకే ఏలుబడి కింద ఉంది. ఆయన కొడుకు నిజాం అలీ ఖాన్ 1766లో ఉత్తర సర్కారులను ఈస్టిండియా కంపెనీకి ఒప్పగించాడు. 1798లో సైన్య సహకార ఒప్పందం మీద సంతకం పెట్టి, 1800లో నేటి రాయలసీమలో చాలా భాగాన్ని కూడా వదులుకున్నాడు. కంపెనీ సైన్యం ఖర్చుకు ఇచ్చిన జీతం అది. 1858లో కంపెనీ చేతిలోని నేలంతా విక్టోరియా రాణి పేరు మీదికి వచ్చింది. గుంటూరు రైతు ఆమె ప్రజ అయ్యాడు. బోధన్ రైతు మాత్రం నిజాం ప్రజగానే మిగిలాడు. ఒకే భాష మాట్లాడే మనుషులు రెండు తోవల్లో అదే సింహాసనం కిందికి చేరారన్నమాట.

హైదరాబాదులో ఆ సింహాసనానికి ప్రతినిధి రెసిడెంటు. కోఠిలో కిర్క్‌ప్యాట్రిక్ అనే రెసిడెంటు కట్టించిన తెల్ల స్తంభాల భవనం ఆయన నివాసం. 1857 తిరుగుబాటు కాలంలో, జులై 17న తుర్రేబాజ్ ఖాన్, మౌల్వీ అలావుద్దీన్ దాని మీదికే జనాన్ని నడిపించారు. నిజాం, ఆయన దివాను మొదటి సాలార్‌జంగ్ బ్రిటిష్ వైపు నిలిచారు. ఆ మేలుకు బదులుగా 1860లో నిజాంకు అప్పు మాఫీ అయింది, పోయిన జిల్లాలు కొన్ని తిరిగొచ్చాయి.

జేబులోని నాణెం

ఈ రెండంతస్తుల రాజరికాన్ని చూపించడానికి చిన్న వెండి రూపాయి ఒకటి చాలు. కోస్తాలో చెల్లే రూపాయి మీద జార్జి రాజు తలకాయ ఉండేది. ఇక్కడివాళ్లు దాన్ని ‘కల్దారు’ అనేవాళ్లు. బోధన్ సంతలో చెల్లింది హాలీ సిక్కా. ఉస్మాన్ అలీ ఖాన్ కాలపు హాలీ రూపాయిని అరచేతిలో పెట్టుకుని చూస్తే నడుమ చార్మినారు, దాని ద్వారంలో ఉస్మాన్ పేరు మొదటి అక్షరం ‘ఐన్’ కనిపిస్తాయి. మనిషి ముఖం ఎక్కడా ఉండదు. లండన్ ఊసే లేదు. 1857 దాకా నిజాం నాణేల మీద మొఘల్ పాదుషా పేరుండేది. పాదుషా పదవి పోయాక ఆ చోటులో విక్టోరియా పేరు కాక అసఫ్‌జా పేరే ఎక్కింది. నాణెం మీద ఇంత స్వతంత్రం చూపిన రాజ్యం మారకం దగ్గర మాత్రం తగ్గాల్సి వచ్చేది. నూరు కల్దారులకు సుమారు 116 హాలీ రూపాయలు పోయాల్సిందే.

బిరుదులు, బెత్తాలు

1877 ఢిల్లీ దర్బారులో విక్టోరియాను భారత చక్రవర్తినిగా చాటినప్పుడు బాల నిజాం మహబూబ్ అలీ ఖాన్ సాలార్‌జంగ్ వెంట వెళ్లాడు. 1911 డిసెంబరు దర్బారులో కొత్త నిజాం ఉస్మాన్ అలీ ఖాన్ అయిదో జార్జి ముందు తలవంచాడు. 21 తుపాకుల వందనం దక్కిన అయిదు సంస్థానాల్లో హైదరాబాదు ఒకటి. మొదటి ప్రపంచ యుద్ధంలో నిజాం ఇచ్చిన డబ్బుతో అమరిన విమాన దళానికి ‘110వ (హైదరాబాద్) స్క్వాడ్రన్’ అన్న పేరు నిలిచింది. ఆ డబ్బు వచ్చిన ఖజానాలో ఇందూరు జిల్లా శిస్తు కూడా కలిసే ఉంది. 1918లో జార్జి ‘హిజ్ ఎగ్జాల్టెడ్ హైనెస్’, ‘విశ్వాసపాత్ర మిత్రుడు’ అన్న బిరుదులిచ్చాడు. మిత్రుడన్న మాటను నిజాం నిజమే అనుకున్నట్టున్నాడు. 1902లో వైస్రాయి కర్జన్ నిజాం నుంచి శాశ్వత కౌలుకు రాయించుకున్న బేరారు ప్రాంతాన్ని సమానుడి హోదాలో తిరిగి అడిగాడు. 1926 మార్చి 27న వైస్రాయి రీడింగ్ జవాబు రాశాడు. భారతదేశంలో బ్రిటిష్ కిరీటానిదే సర్వాధికారమనీ, సమానులమంటూ దానితో బేరాలాడే హక్కు ఏ సంస్థానాధీశుడికీ లేదనీ దాని సారం.

మంజీర నీళ్లు, చక్కెర

బయట కట్టేసిన చేతులు లోపల మాత్రం ఊరికే ఉండలేదు. నవాబ్ అలీ నవాజ్ జంగ్ ఇంజనీరింగ్‌లో 1923లో మొదలైన నిజాంసాగర్ 1931కల్లా మంజీరకు అడ్డం నిలిచింది. కాలువ పారడంతో చెరుకు లేచింది. 1937లో నిజాం చక్కెర ఫ్యాక్టరీ పుట్టింది. బోధన్ పక్కనే శక్కర్‌నగర్ వెలిసింది. ఒకప్పుడు ఆసియాలోనే పెద్దదిగా పేరుపొందిన మిల్లు అది.

ఇక్కడ రెండు తోవలూ మళ్లీ కలిశాయి. నీళ్లున్న నేల చవగ్గా దొరుకుతోందని కోస్తా జిల్లాల రైతులు వచ్చి బోధన్, వర్ని, కోటగిరి వైపు దిగారు. వాళ్ల ఊళ్లకు నేటికీ ‘క్యాంపు’ అన్నదే తోక. మునసబు, కరణం అలవాటున్న వాళ్లకు ఇక్కడ మాలీ పటేలు, పట్వారీ ఎదురయ్యారు. ఇక్కడి సర్కారీ రాతలు ఉర్దూలో ఉండేవి. జార్జి రాజు ప్రజలు నిజాం ఆయకట్టులో చెరుకు నాటడం ఈ సీమ చూపిన చిత్రం. పుస్తకాల్లో దానికి రావాల్సినంత చోటు రాలేదు.

పదమూడు నెలల ఆలస్యం

1947 ఆగస్టు 15న బ్రిటిష్ సార్వభౌమత్వం వెళ్లిపోయింది, నిజాం మాత్రం కదల్లేదు. తన రాజ్యాన్ని బ్రిటిష్ కామన్వెల్త్‌లో విడిగా నిలుపుకోవాలని ఆయన ఆశ. లండన్ ఒప్పుకోలేదు. ఆ నవంబరులోనే నిజాం ఎలిజబెత్ యువరాణి పెళ్లికి కార్టియర్ దుకాణంలో నచ్చింది ఎంచుకోమని కబురు పెట్టాడు. ఆమె వజ్రాల హారం, తలకు పెట్టుకునే టియారా ఎంచుకుంది. ఆ నెల 29న ఢిల్లీతో యథాతథ ఒప్పందం కుదిరింది. అటు పల్లెల్లో నిజాంకు కొమ్ముకాసే సాయుధులు, రజాకార్లు, స్వైరవిహారం చేస్తున్నారు.

నిజాం మీద ఈ సీమలో పుట్టిన అతి పదునైన మాట ఇందూరు ఖిల్లా జైలు గోడ మీద పడింది. అక్కడ బందీగా ఉన్న కవి దాశరథి కృష్ణమాచార్య బొగ్గుముక్కతో నిజాంను తిడుతూ పద్యం రాశాడు. తిట్టు నిజాంకే తగిలింది. పైనున్న లండన్ రాజు ఊసు అందులో లేదు, జనం చూసిన రాజు ఒక్కడే కాబట్టి. 1948 జూన్ 22న ఆరో జార్జి ‘భారత చక్రవర్తి’ బిరుదును వదులుకున్నాడు. సెప్టెంబరు 17న నిజాం భారత ప్రభుత్వానికి లొంగిపోయాడు.

సంతకం పెట్టే రాజు

బ్రిటన్‌లో రాజు పాత్ర ఇవాళ దాదాపు సంతకం వరకే. 1689 హక్కుల చట్టం అధికారాన్ని పార్లమెంటు వైపు మళ్లించింది. 1708లో ఆన్ రాణి ఒక బిల్లును కాదన్నాక మరే బిల్లుకూ రాజామోదం నిరాకరించలేదు. ప్రధానిని నియమించడం, పార్లమెంటును ప్రారంభించడం, 15 దేశాలకు దేశాధినేతగా ఉండటం 2022 నుంచి మూడో చార్లెస్ పని.

ఈ రకం రాజు ఎలా ఉంటాడో తెలంగాణకు కొంత తెలుసు. 1950 జనవరి 26 నుంచి 1956 అక్టోబరు 31 దాకా ఉస్మాన్ అలీ ఖాన్ హైదరాబాదు రాష్ట్రానికి రాజప్రముఖ్. ఫర్మానాతో ఏలిన చెయ్యే మంత్రులు చెప్పిన చోట సంతకం పెట్టింది. 1952 మార్చిలో బూర్గుల రామకృష్ణారావు మంత్రివర్గం ఆయన హయాంలోనే కొలువుతీరింది. 1956లో ఆ పదవి కూడా రద్దయింది. 1971లో 26వ రాజ్యాంగ సవరణ మాజీ రాజుల బిరుదులను, రాజభరణాలను తీసేసింది. లండన్‌లో అలాంటి సవరణ రాలేదు.

మిగిలినవి

రాణి అయ్యాక ఎలిజబెత్ 1983 నవంబరు 20న తన పెళ్లిరోజును హైదరాబాదులోనే గడిపింది, బొల్లారంలోని హోలీ ట్రినిటీ చర్చికి వెళ్లింది. నిజాం పంపిన తలనగను 1973లోనే విప్పించి రాళ్లను వేరే నగకు వాడింది. హారం మాత్రం 2014లో ఆమె మనవడి భార్య కేట్ మెడలో కనిపించింది.

శక్కర్‌నగర్ మిల్లులో సగానికి పైగా వాటాను 2002లో ప్రైవేటుకు అమ్మారు. మిల్లు 2015 డిసెంబరులో మూతపడింది. 1948లో నిజాం ప్రభుత్వ ఖాతా నుంచి లండన్‌లోని పాకిస్తాన్ హైకమిషనర్ ఖాతాకు మళ్లించిన పది లక్షల పౌండ్ల తగాదా ఆ తర్వాత కూడా సాగింది. 2019 అక్టోబరు 2న, అప్పట్లో రాణి పేరిట నడిచిన లండన్ న్యాయస్థానం తీర్పు చెప్పేనాటికి అది 3.5 కోట్ల పౌండ్లయింది. ఆ సొమ్ము భారత ప్రభుత్వానికీ నిజాం వారసులకూ దక్కింది. అప్పటికి బోధన్ మిల్లులో గానుగ ఆడక నాలుగేళ్లు కావస్తోంది.