ఉపాధ్యాయుల బదిలీ వివాదాలు (గుంటూరు, ప్రకాశం జిల్లాలు)

ప్రభుత్వ, జిల్లా పరిషత్, మండల పరిషత్ పాఠశాలల ఉపాధ్యాయులు తమను ఒక బడి నుంచి మరో బడికి మార్చిన ఉత్తర్వునో, కోరుకున్న స్థానం దక్కకపోవడాన్నో ప్రశ్నిస్తూ వేసిన వ్యాజ్యాలను బదిలీ వివాదాలంటారు. పత్తి, మిరప పండే గుంటూరు, ప్రకాశం మైదానంలో వీటి మూలం నేల స్వరూపంలోనే ఉంది. గుంటూరు, నరసరావుపేట, ఒంగోలు నుంచి బస్సులో వెళ్లి రాగల బడులకు పోటీ ఎక్కువ. పల్నాడు లోపలి వెల్దుర్తి, బొల్లాపల్లి, నల్లమల అంచునున్న పుల్లలచెరువు, దోర్నాల మండలాల బడులను కోరి వెళ్లేవారు తక్కువ.

1959లో పంచాయతీ సమితులు, జిల్లా పరిషత్తులు ఏర్పడ్డాక ప్రాథమిక పాఠశాలలు సమితుల కిందికి, ఉన్నత పాఠశాలలు పరిషత్తుల కిందికి వచ్చాయి. దానితో బదిలీలపై స్థానిక నాయకుల మాట చెల్లుబాటు కావడం మొదలైంది. 1970 ఫిబ్రవరి 2న గుంటూరు, నెల్లూరు, కర్నూలు జిల్లాల భాగాలతో ఒంగోలు కేంద్రంగా కొత్త జిల్లా ఏర్పడగా, 1972లో దానికి ప్రకాశం పేరు పెట్టారు. రాజ్యాంగంలోని 371-డి అధికరణం కింద 1975లో వెలువడిన రాష్ట్రపతి ఉత్తర్వు ఉపాధ్యాయ పోస్టులకు జిల్లాను ‘లోకల్ కేడర్’గా, అంటే నియామకానికీ సీనియారిటీకీ బదిలీకీ హద్దుగా నిర్ణయించింది. అందువల్ల చిలకలూరిపేట నుంచి మార్టూరుకు జాతీయ రహదారి మీద అరగంట ప్రయాణమే అయినా, నడుమ జిల్లా సరిహద్దు ఉండడంతో ఆ మార్పు సాధారణ బదిలీ కాలేదు. అంతర్ జిల్లా బదిలీపై వెళ్లినవారు కొత్త జిల్లాలో సీనియారిటీ కోల్పోయి జాబితా అడుగున చేరవలసి వచ్చేది.

అదే అధికరణం ఆధారంగా ఉద్యోగుల వివాదాల కోసం హైదరాబాద్‌లో పరిపాలనా ట్రైబ్యునల్ ఏర్పడింది. అయితే ట్రైబ్యునల్ తీర్పును రాష్ట్ర ప్రభుత్వం మూడు నెలల్లోగా మార్చడానికి లేదా రద్దు చేయడానికి ఆ అధికరణంలోని ఐదో ఉపనిబంధన వీలు కల్పించింది. ప్రతివాది అయిన ప్రభుత్వమే తనకు వ్యతిరేకంగా వచ్చిన తీర్పును తోసిపుచ్చగలిగితే, ఒంగోలు నుంచి ఫైలు పట్టుకుని అంత దూరం వెళ్లిన ఉపాధ్యాయుడి గెలుపుకు అర్థమే ఉండదు. పి. సాంబమూర్తి కేసులో సుప్రీంకోర్టు 1986 డిసెంబరులో ఆ నిబంధనను చట్టబద్ధ పాలనకు విరుద్ధమని కొట్టివేసింది. ఈ చరిత్రలో అంతకన్నా పెద్ద మలుపు లేదు. ట్రైబ్యునళ్ల తీర్పులను హైకోర్టు సమీక్షించవచ్చని 1997లో ఎల్. చంద్రకుమార్ కేసు తేల్చింది. రాష్ట్రంలో ట్రైబ్యునల్ రద్దయ్యాక ఈ వ్యాజ్యాలు నేరుగా హైకోర్టుకే వెళ్తున్నాయి. 2019 నుంచి ఆ హైకోర్టు అమరావతిలో, గుంటూరు జిల్లాలోనే ఉంది.

కోర్టులు పాటించే సూత్రాలు కూడా బడులకు సంబంధించిన కేసుల్లోనే చాలావరకు గట్టిపడ్డాయి. బిహార్ ఉపాధ్యాయినుల బదిలీలపై వచ్చిన శిల్పీ బోస్ కేసులో (1991), చట్టబద్ధ నియమాన్ని ఉల్లంఘిస్తేనో, దురుద్దేశం రుజువైతేనో తప్ప బదిలీలో జోక్యం తగదని సుప్రీంకోర్టు చెప్పింది. భార్యాభర్తలను ఒకేచోట ఉంచాలనే మార్గదర్శకం హక్కుగా మారదని ఎస్.ఎల్. అబ్బాస్ కేసు (1993) స్పష్టం చేసింది. పిల్లలు చదువుకుంటున్న ఉద్యోగిని విద్యాసంవత్సరం మధ్యలో కదపడం సబబు కాదని తమిళనాడుకు చెందిన కరుప్ప తేవన్ కేసు (1994) గుర్తుచేసింది.

ఉపాధ్యాయులే వరుసగా ఖాళీలను ఎంచుకునే కౌన్సెలింగ్ పద్ధతి స్థిరపడ్డాక వివాదం రూపు మారింది. ఇంటి అద్దె భత్యం రేటును బట్టి బడులను కేటగిరీలుగా విభజించి, మారుమూల బడిలో పనిచేసిన ఏళ్లకు ఎక్కువ పాయింట్లు ఇవ్వడంతో, ‘నన్ను ఎవరు కదిపారు’ అనే ప్రశ్న స్థానంలోకి ‘నా పాయింట్లు ఎలా లెక్కించారు’ అనే ప్రశ్న వచ్చింది. ఇది మేలైన మార్పే. హేతుబద్ధీకరణ, అంటే విద్యార్థుల సంఖ్యను బట్టి పోస్టులను సర్దడం, మరో తగవుకు దారితీసింది. మిరప కోతల కాలంలో పశ్చిమ ప్రకాశం కూలీ కుటుంబాలు పిల్లలతో సహా గుంటూరు, పల్నాడు చేలకు వలస వెళ్తాయి. ఆ వారాల్లో హాజరు పట్టీలో పేరుంటుంది, బడిలో పిల్లవాడుండడు. అలాంటి ఊళ్లో తలల లెక్కతో పోస్టు ఎత్తివేస్తే, కోతలు ముగిసి తిరిగివచ్చే పిల్లలకు పాఠం చెప్పేవారు కరువవుతారు. వ్యాజ్యంలో వాది ఉపాధ్యాయుడు, ప్రతివాది ప్రభుత్వం. ఆ పిల్లల తరఫున వకాల్తా ఉండదు.

మూడు నుంచి ఐదు తరగతులను ఉన్నత పాఠశాలలకు తరలించిన 2022 నాటి 117వ నంబరు ఉత్తర్వు ఈ లెక్కలను మరింత చిక్కుపరిచింది. దాన్ని 2025లో ఉపసంహరించారు. పాయింట్లపై తగవు పొరుగునా రేగింది: తెలంగాణలో భార్యాభర్తలకిచ్చే స్పౌజ్ పాయింట్లు, ఉపాధ్యాయ సంఘాల నాయకుల అదనపు పాయింట్లపై వేసిన పిటిషన్లతో 2023లో బదిలీలు నెలల తరబడి నిలిచిపోయాయి.

అప్పటివరకు ఎప్పటికప్పుడు వెలువడే ఉత్తర్వులతో నడిచిన బదిలీలకు 2025లో ఆంధ్రప్రదేశ్ శాసనసభ ప్రత్యేక చట్టం చేసింది. ఉపాధ్యాయులు ఒకే బడిలో ఎనిమిది విద్యాసంవత్సరాలు, ప్రధానోపాధ్యాయులు ఐదేళ్లు నిండితే తప్పనిసరిగా కదలాలన్నది అందులో ముఖ్యాంశం. కర్ణాటక ఇలాంటి చట్టాన్ని 2007లోనే తెచ్చింది. మార్గదర్శకాలకు లేని బలం చట్టానికి ఉంటుంది గనుక, దాని ఉల్లంఘనను శిల్పీ బోస్ సూత్రం కిందే నిలదీయవచ్చు. 2025 జూన్‌లో మాత్రం తగవు కోర్టు దాకా పోకుండానే కొంత తీరింది: వందలాది బడులను కంప్యూటర్లో వరుసక్రమంలో ఎంచుకోవలసిన సెకండరీ గ్రేడ్ టీచర్లు ఆందోళనకు దిగగా, వారికి ఎదురుగా ఖాళీల పట్టిక పెట్టి పేరు పిలిచే పాత పద్ధతి కౌన్సెలింగ్‌కు ప్రభుత్వం అంగీకరించింది.