స్వర్గం నుంచి నిర్వాణానికి: ఎర్రగుడి మొదలు శ్రీపర్వతం దాకా

బౌద్ధంలో నిర్వాణం ఒక చోటు కాదు, చచ్చిన తర్వాత చేరుకునే లోకమూ కాదు. రాగం, ద్వేషం, మోహం అనే మూడు మంటలు పూర్తిగా చల్లారిన స్థితి అది. అవి చల్లారినవాడికి కొత్త కర్మ అంటదు, కర్మ లేనిచోట మళ్లీ పుట్టుక ఉండదు. అందుకే బౌద్ధంలో పరిపూర్ణత, ముక్తి వేర్వేరు సంగతులు కావు. మనిషి లోపల పూర్తిగా శుద్ధి కావడమే విడుదల కావడం. ఇంకెవరో కరుణించి ఇచ్చే వరం కాదది.

ఈ ఆలోచన పుట్టిన కాలానికి జనన మరణ చక్రంలోంచి బయటపడడం ఎలా అన్నదే గంగా మైదానంలో అందరి ప్రశ్న. ఉపనిషత్తుల ఋషులు ఆత్మజ్ఞానమే దారి అన్నారు. జైనులు తపస్సుతో పాత కర్మను కరిగించాలన్నారు. ఆజీవకులు అంతా నియతి చేతిలోనే ఉందని, మనిషి ప్రయత్నంతో అయ్యేదేమీ లేదని చెప్పారు. ఇల్లు విడిచిన సిద్ధార్థుడు ఆలార కాలాముడు, ఉద్దక రామపుత్రుడు అనే గురువుల దగ్గర ధ్యానం నేర్చుకుని, వారు చూపిన అత్యున్నత సమాధి స్థితులను అందుకున్నాడు. అవి మరో ఉన్నత లోకంలో పుట్టుకకు దారితీస్తాయే తప్ప పుట్టుకనే ఆపవని తేల్చుకుని వారిని విడిచాడు. బుద్ధగయలో బోధి కలిగిన తర్వాత గయాశీర్షం కొండ మీద ఆయన చేసిన బోధ విన్నవారు కాశ్యప సోదరులు, వారి శిష్యులు. అంతకు ముందు దాకా వారంతా అగ్నిని కొలిచిన జటిలులు. నిత్యం హోమగుండం ముందు కూర్చున్న వారికి, కన్ను మండుతోంది, మనసు మండుతోంది, ఆర్పవలసిన అగ్ని అదేనని బుద్ధుడు చెప్పాడు.

ముక్తుడు చనిపోయాక ఏమవుతాడని వచ్ఛగోత్రుడు అనే పరివ్రాజకుడు అడిగినప్పుడూ బుద్ధుడు అగ్నినే ఉదాహరణగా తీసుకున్నాడు. ఎదురుగా మండుతున్న మంట ఆరిపోతే అది తూర్పుకు పోయిందా, పడమటికి పోయిందా అని అడగడం ఎలా అతకదో, ముక్తుడు ఎక్కడికి పోయాడన్న ప్రశ్నా అలాగే అతకదన్నాడు. నిర్వాణమంటే సర్వనాశనమని కొందరు, నిత్యానందలోకమని కొందరు ఆనాటి నుంచీ అనుకుంటూనే ఉన్నారు. బుద్ధుడు రెండింటినీ ఒప్పుకోలేదు. బతికుండగానే అందేది సోపధిశేష నిర్వాణం. మంటలు ఆరినా దేహం మిగిలి ఉంటుంది, ఆకలి, జబ్బు, ముసలితనం ఉంటాయి. దేహమూ రాలిపోతే అది నిరుపధిశేషం, అంటే పరినిర్వాణం. బుద్ధుడు మొదటిదాన్ని 35వ ఏట బుద్ధగయలో, రెండోదాన్ని 80వ ఏట కుశీనగరంలో పొందాడని సంప్రదాయం.

అక్కడికి చేరే దారిలో నాలుగు మెట్లున్నాయి. ‘నేను’ అనే స్థిరమైన వస్తువు ఒకటుందన్న భ్రమ, ధర్మం మీద సందేహం, వ్రతాలూ తంతులే గట్టెక్కిస్తాయన్న పట్టుదల తెగితే స్రోతాపన్నుడు. అతనికి మహా అయితే ఏడు జన్మలు. రాగద్వేషాలు పలచబడితే ఇంకొక్కసారి వచ్చిపోయే సకృదాగామి. అవీ తెగితే ఈ లోకానికి తిరిగిరాని అనాగామి. అహంకారం, అవిద్య లాంటి చివరి బంధాలు కూడా తెగితే అర్హంతుడు.

నిర్వాణమన్న మాట తెలుగు నేల చెవిన పడిన తొలి కథ సుత్తనిపాతంలోని పారాయణ వర్గంలో ఉంది. కోసల నుంచి దక్షిణానికి వచ్చిన బావరి అనే బ్రాహ్మణుడు గోదావరి ఒడ్డున, అశ్మకుల సీమలో ఆశ్రమం కట్టుకున్నాడు. అశ్మక జనపదం నేటి నిజామాబాద్ ప్రాంతమని చరిత్రకారులు గుర్తించారు. ముసలితనం వల్ల తాను కదలలేక బావరి పదహారు మంది శిష్యులను బుద్ధుడి దగ్గరకు పంపాడు. ఒక్కొక్కరూ ఒక్కో ప్రశ్న అడిగారు. ముసలితనం, చావు అనే వరద నడుమ చిక్కుకున్నవారికి నిలబడే దిబ్బ ఏదని కప్పుడనే శిష్యుడు అడిగాడు. ఏదీ తనదనకపోవడం, దేన్నీ పట్టుకు వేలాడకపోవడమే ఆ దిబ్బ, దాని పేరే నిర్వాణమని బుద్ధుడి జవాబు. చూపు మందగించి, ఒళ్లు సడలిన పింగియుడనే శిష్యుడు తిరిగివచ్చి ఇదంతా బావరికి చెప్పాడు. కథలో చరిత్ర పాలెంతో తేల్చడం కష్టం. కానీ పాళీ సాహిత్యంలో అతి ప్రాచీన భాగాల్లో ఒకటైన ఈ వర్గం గోదావరి తీరాన్ని నిర్వాణ ప్రశ్నతో ముడిపెట్టడం చిన్న విషయం కాదు.

కథను దాటి రాతి సాక్ష్యానికి వస్తే దారి కర్నూలు సీమకే తీసుకువస్తుంది. గుత్తి నుంచి పత్తికొండ పోయే దారిలో, జొన్నగిరి దగ్గర ఎర్రగుడి కొండ ఉంది. తొలకరి పడగానే జనం చేలల్లో వజ్రాలు ఏరుకునే జొన్నగిరి ఇదే. అశోకుడి దక్షిణ రాజప్రతినిధి ఉన్న సువర్ణగిరి ఇదేనని కొందరు చరిత్రకారుల అభిప్రాయం. ఆ కొండ బండల మీద అశోకుడి 14 పెద్ద శిలాశాసనాలూ, రెండు చిన్న శిలాశాసనాలూ ఉన్నాయి. రెండు రకాలూ ఒకే కొండ మీద ఉండడం అరుదు. క్రీ.పూ. మూడో శతాబ్దపు ఈ బ్రాహ్మీ రాతలో ఒక వింత ఉంది. చిన్న శాసనంలో కొన్ని పంక్తులు ఎడమ నుంచి కుడికి, కొన్ని కుడి నుంచి ఎడమకు నడుస్తాయి. మడక కట్టిన రైతు సాలు చివర ఎద్దులను మళ్లించి తిరిగి వచ్చినట్టు లేఖకుడు బండ మీద మళ్లాడు. పత్తికొండ దగ్గరే ఉన్న రాజుల మందగిరిలోనూ చిన్న శాసనం ప్రతి ఉంది.

చిన్న శాసనంలో అశోకుడు తన సంగతి తానే చెప్పుకుంటాడు. ఉపాసకుడై రెండున్నరేళ్లు దాటిందని, మొదటి ఏడాది గట్టిగా పాటుపడలేదని, సంఘానికి దగ్గరైన తర్వాత ఏడాదికి పైగా బాగా శ్రమించానని అంటాడు. ఆ శ్రమకు ఫలం గొప్పవారికే కాదు, పట్టుదల ఉంటే చిన్నవారికీ విశాలమైన స్వర్గం అందుతుందని చెబుతాడు. రెండో శాసనంలో తల్లిదండ్రుల మాట వినాలి, ప్రాణుల పట్ల దయ చూపాలి, నిజం చెప్పాలి అన్న ఆజ్ఞలున్నాయి. రజ్జుకుడనే అధికారి భేరి వేయించి జనపదానికి ఈ మాటలు చాటాలని, ఏనుగులెక్కేవారు, కరణాలు, బండ్లు తోలేవారు, బ్రాహ్మణ గురువులు తమ తమ శిష్యులకు నేర్పాలని ఉంది. పెద్ద శాసనాల్లోనూ ధర్మాచరణ ఇహంలో మేలు, పరంలో స్వర్గం ఇస్తుందనే వస్తుంది.

నిర్వాణం ఊసు మాత్రం ఎక్కడా లేదు. నాలుగు ఆర్యసత్యాలూ లేవు, అష్టాంగ మార్గమూ లేదు. దీన్నిబట్టి అశోకుడిది బౌద్ధమే కాదన్నవారున్నారు. అది తొందరపాటు. రాజస్థాన్‌లోని బైరాట్ శాసనంలో ఆయన సంఘాన్ని ఉద్దేశించి, బుద్ధ ధర్మ సంఘాల మీద తనకున్న భక్తిని చెప్పి, చదవవలసిన ఏడు ధర్మగ్రంథాల పేర్లు ఇచ్చాడు. భిక్షువులతో మాట్లాడే తీరు వేరు, బండి తోలేవాడితో మాట్లాడే తీరు వేరు. గృహస్థులకు దానం, శీలం, స్వర్గం అనే క్రమంలో ముందు చెప్పి, మనసు సిద్ధమయ్యాకే దుఃఖం, దాని నిరోధం గురించి విప్పడం బుద్ధుడి పద్ధతేనని పాళీ గ్రంథాలు చెబుతాయి. ఎర్రగుడి బండ ఆ క్రమంలో తొలి మెట్టు దగ్గర ఆగింది. అశోకుడు రాజు, రాజు చెప్పవలసింది అంతవరకే.

పై మెట్టు సంఘం పని. మోక్షం కోసం ఇల్లు విడిచినవారు రాయలసీమలోనూ కాపురమున్నారనడానికి నందలూరు సాక్ష్యం. అక్కడ చెయ్యేరు ఒడ్డున, ఆడపూరు దగ్గర గుట్ట మీద బౌద్ధ కట్టడాల శిథిలాలున్నాయి. సౌమ్యనాథస్వామి గుడికి వచ్చే జనంలో ఆ గుట్ట సంగతి ఎరిగినవారు తక్కువ.

కృష్ణా తీరంలో అయితే పరినిర్వాణం కంటికి కనిపించే రూపం తొడుక్కుంది. 1892లో అలెగ్జాండర్ రీ భట్టిప్రోలు స్తూపాన్ని తవ్వినప్పుడు రాతి పేటికల్లో ధాతువులు బయటపడ్డాయి. అమరావతి శిల్పులు తొలిదశలో బుద్ధుడి రూపం చెక్కకుండా బోధికి చెట్టును, తొలి బోధకు చక్రాన్ని, మహాపరినిర్వాణానికి స్తూపాన్ని గుర్తుగా పెట్టారు. ఆంధ్ర స్తూపాలకు నాలుగు దిక్కులా ముందుకు పొడుచుకు వచ్చిన వేదికలుంటాయి. ఒక్కో వేదిక మీద అయిదేసి ఆయక స్తంభాలు నిలిపారు. జననం, మహాభినిష్క్రమణం, సంబోధి, ధర్మచక్ర ప్రవర్తనం, మహాపరినిర్వాణం అనే అయిదు ఘట్టాలకు అవి గుర్తులంటారు. ఇది ఆంధ్ర స్తూపాల సొంత పద్ధతి.

అశోకుడు దాటేసిన మాట ఆ స్తంభాల మీదే, అయిదు వందల ఏళ్ల తర్వాత, ఒక గృహిణి నోట వినిపించింది. క్రీ.శ. మూడో శతాబ్దంలో విజయపురి, అంటే నాగార్జునకొండ, ఇక్ష్వాకుల రాజధాని. తొలి రాజు వాసిష్ఠీపుత్ర చాంతమూలుడు అశ్వమేధం, వాజపేయం చేసిన వైదికుడు. ఆయన చెల్లెలు చాంతిసిరి బౌద్ధ ఉపాసిక. తర్వాత రాజైన వీరపురుషదత్తుడికి ఆమె అత్తగారు కూడా. ఆ రాజు ఆరో పాలనా సంవత్సరంలో ఆమె మహాచైత్యానికి ఆయక స్తంభాలు ఎత్తించింది. శాసనం మొదట బుద్ధుడిని రాగద్వేషమోహాలను జయించి విముక్తుడైనవాడిగా కీర్తిస్తుంది. అంటే గయాశీర్షం బోధలోని మూడు మంటలు చెక్కుచెదరకుండా ఆ రాతి మీదికి వచ్చాయి. తర్వాత ఆమె తన కోరిక చెబుతుంది. ఇరు కులాల వారికీ ఉభయ లోకాల్లో హితం, సుఖం కలగాలి, తనకు నిర్వాణ సంపద దక్కాలి, సర్వలోకానికీ మేలు జరగాలి. చాంతిసిరి ఇల్లు వదలలేదు, భిక్షుణి కాలేదు. అయినా గమ్యంగా నిర్వాణాన్నే పెట్టుకుంది. స్వర్గం గృహస్థులకు, నిర్వాణం భిక్షువులకు అన్న పాత హద్దు ఆ రాతి మీద చెరిగిపోయింది. ఆంధ్ర బౌద్ధ చరిత్రలో ఇంతకంటే విలువైన వాక్యం దొరకడం కష్టం.

ఇలా హద్దు చెరగడానికి వెనక పెద్ద వాదమే నడిచింది. కృష్ణా తీరపు పూర్వశైల, అపరశైల నికాయాలను పాళీ వ్యాఖ్యాతలు అంధకులని పిలిచారు. అర్హంతుడికీ కొన్ని విషయాల్లో తెలియనితనం, సందేహం మిగిలి ఉండవచ్చని ఈ శైలుల వాదం. స్థవిరవాదులకు అది మింగుడుపడలేదు. కథావత్థు అనే పాళీ గ్రంథంలో దాన్ని గట్టిగా ఖండించారు. అర్హంతుడి స్థాయి కాస్త తగ్గిన కొద్దీ బుద్ధుడి స్థాయి పెరిగింది. తానొక్కడే విడుదలైతే చాలదు, అందరికోసం బుద్ధత్వమే సాధించాలన్న బోధిసత్త్వ ఆదర్శం బలపడింది. దానం, శీలం, క్షాంతి, వీర్యం, ధ్యానం, ప్రజ్ఞ అనే ఆరు పారమితలు ఆ దారికి మైలురాళ్లయ్యాయి. మహాయానంలో పరిపూర్ణత అంటే ఈ ఆరింటి పూర్తి.

ఈ వాదాన్ని ఒక కొసకు తెచ్చినవాడు ఆచార్య నాగార్జునుడు. మూలమధ్యమక కారికల 27 ప్రకరణాల్లో 25వది నిర్వాణ పరీక్ష. నిర్వాణాన్ని ఉన్న వస్తువన్నా తప్పే, లేని వస్తువన్నా తప్పేనని అందులో తర్కిస్తాడు. సంసారానికీ నిర్వాణానికీ అణుమాత్రం తేడా లేదని తేలుస్తాడు. అంటే నిర్వాణం వేరే ఎక్కడో లేదు. అంటిపెట్టుకున్నవాడికి సంసారమైనదే, ఆ పట్టు వదిలినవాడికి నిర్వాణం. ఇంత కఠినమైన తర్కం చేసినవాడే శాతవాహన రాజుకు రాశాడని సంప్రదాయం చెప్పే రత్నావళిలో ఎంతో మెత్తగా మాట్లాడతాడు. ముందు అభ్యుదయం, తర్వాత నిఃశ్రేయసం అంటాడు. అభ్యుదయమంటే సుఖం, నిఃశ్రేయసమంటే మోక్షం. మొదటిదానికి శ్రద్ధ, రెండోదానికి ప్రజ్ఞ సాధనం. అశోకుడి స్వర్గం, చాంతిసిరి నిర్వాణం ఒకే నిచ్చెన మెట్లని ఇంత స్పష్టంగా చెప్పిన గ్రంథం మరొకటి అరుదు.

ఆ తర్వాతి కథ క్షీణత కథ. ఏడో శతాబ్దంలో ధాన్యకటకం, అంటే అమరావతి, చూసిన చైనా యాత్రికుడు హ్యూయాన్‌త్సాంగ్ అక్కడ చాలా విహారాలు పాడుబడ్డాయని రాశాడు. మాధ్యమిక పండితుడు భావవివేకుడు మైత్రేయ బుద్ధుడి రాక కోసం ఆ ఊరి దక్షిణాన కొండ గుహలోకి వెళ్లి వేచి ఉన్నాడన్న గాథనూ నమోదు చేశాడు. ఎప్పుడో రాబోయే బుద్ధుడి కోసం ఎదురుచూపు మొదలైందంటేనే, ఈ జన్మలోనే మంటలు ఆర్పుకోవచ్చన్న ధీమా సడలిందని అర్థమవుతుంది. ఎనిమిదో శతాబ్దపు భవభూతి మాలతీమాధవంలో సౌదామిని అనే పాత్ర ఒక బౌద్ధ పరివ్రాజిక శిష్యురాలు. ఆమె శ్రీపర్వతం, అంటే శ్రీశైలం, చేరి కాపాలిక వ్రతం పట్టింది. అప్పటికి నల్లమలలో బౌద్ధ సాధకులూ శైవ సిద్ధులూ ఒకే దారిన నడిచారని ఆ పాత్ర తెలియజేస్తుంది. శ్రీశైలం క్రమంగా పూర్తి శైవ క్షేత్రమైంది. టిబెట్ సంప్రదాయం మాత్రం బుద్ధుడు కాలచక్ర తంత్రం బోధించినది ధాన్యకటకంలోనేనని నేటికీ నమ్ముతుంది. 2006 జనవరిలో దలైలామా అమరావతిలో కాలచక్ర దీక్ష ఇవ్వడానికి కారణం అదే.

ఆధునిక కాలంలో నిర్వాణాన్ని మళ్లీ గృహస్థు ముంగిటికి తెచ్చినవాడు డాక్టర్ అంబేడ్కర్. 1956 అక్టోబరు 14న నాగపూర్‌లో బౌద్ధం స్వీకరించిన ఆయన, మరణానంతరం 1957లో అచ్చయిన ‘బుద్ధుడు, ఆయన ధర్మం’ గ్రంథంలో నిర్వాణాన్ని చావు తర్వాతి సంగతిగా చూడలేదు. ధర్మమార్గంలో నడవగలిగేంతగా కోరికలను అదుపులో పెట్టుకోవడమే నిర్వాణమని, అది ఈ జీవితంలోనే అనుభవించవలసిన సుఖమని వివరించాడు. పుట్టుకల చక్రం ఆగడమనే పాత అర్థాన్ని ఇది పక్కకు నెట్టిందని సంప్రదాయ బౌద్ధులు ఆక్షేపించారు. ఆ ఆక్షేపణలో కొంత నిజముంది. కానీ దుఃఖానికి మూలం రాగద్వేషమోహాలేనన్న చోట మాత్రం ఆయన పాళీ గ్రంథాలతో విభేదించలేదు.