ఆవలి ఒడ్డు

ఒహాయోలో చదువుకుంటున్న మన కుర్రాళ్ళని శాండస్కీ గురించి అడిగితే కాసేపు ఆలోచిస్తారు. సీడార్ పాయింట్ అంటే మాత్రం చటుక్కున గుర్తుపడతారు. ఆ రోలర్ కోస్టర్ల పార్కు ఉన్న ఊరే శాండస్కీ. ఈరీ సరస్సు దక్షిణపు ఒడ్డున ఉంది. ఈరీ కౌంటీకి ముఖ్యపట్టణం. కౌంటీ అంటే మన జిల్లా లాంటిదనుకోండి. కోస్టర్ పైకంటా ఎక్కి, కిందికి జారబోయే ముందు చూస్తే కనుచూపు మేరంతా నీళ్ళే. ఆ నీళ్ళకి ఆవల కెనడా.

ఈ ఊరి కథ మొదలైంది ఇక్కడ కాదు, వందల మైళ్ళ అవతల, మంటల్లో. అమెరికా స్వాతంత్ర్య యుద్ధంలో కనెక్టికట్‌లోని కొన్ని ఊళ్ళని బ్రిటిష్ సేనలు తగలబెట్టాయి. ఇళ్ళు పోయినవాళ్ళకి నష్టపరిహారంగా 1792లో ఆ రాష్ట్రం ఇక్కడ 5 లక్షల ఎకరాలు కేటాయించింది. అందుకే ఈ ప్రాంతానికి ఫైర్‌లాండ్స్ అని పేరు. అయితే అది ఖాళీ నేల కాదు. వయండాట్, ఒటావా వంటి తెగల నేల. 1805లో ఒప్పందం పేరుతో వాళ్ళ హక్కు తీసేశారు. ఈలోపు ఇళ్ళు కాలినవాళ్ళలో చాలామంది చనిపోయారు, లేదా తమ వాటాలు వ్యాపారులకి అమ్మేసుకున్నారు. ఒకరి నష్టం తీర్చడానికి ఇంకొకరి ఇల్లు లాక్కున్నారు. లాభం మూడోవాడికి పోయింది. శాండస్కీ అన్న పేరు మాత్రం వయండాట్ల మాటే.

ఊరికి 1818లో ప్లాన్ గీశారు. 1838లో కౌంటీ ఏర్పడింది. 1849లో కలరా వచ్చింది. 5,667 మంది జనాభాలో 3,500 మంది పారిపోయారు. ఉన్నవాళ్ళలో 400 మంది పోయారు. చాలామందిని ఒకే గోతిలో పూడ్చారు.

ఆ మరుసటేడు ఇంకో రకం భయం వచ్చింది. పారిపోయిన బానిసలని పట్టి అప్పజెప్పాల్సిందేనని 1850లో చట్టం చేశారు. దక్షిణాది నుంచి తప్పించుకొచ్చిన వాళ్ళకి ఈ రేవే చివరి మజిలీ. పడవెక్కితే స్వేచ్ఛ. 1852లో వచ్చిన ‘అంకుల్ టామ్స్ కేబిన్’ నవలలో ఎలైజా కుటుంబం కెనడాకి దాటేది ఇక్కడి నుంచే.

అదే ఏడాది అక్టోబర్‌లో, పడవెక్కబోతున్న కొందరిని పట్టుకుని మేయర్ ఆఫీసుకి తీసుకెళ్ళారు. రష్ స్లోన్ అనే యువ లాయరు లేచి, వీళ్ళని ఏ అధికారంతో ఆపారు, కాగితాలు చూపించండి అన్నాడు. ఎవరూ చూపించలేదు. వాళ్ళు బయటికి నడిచారు, సరస్సు దాటారు. స్లోన్ మీద కేసు పడింది. 1854లో 3,000 డాలర్ల జుల్మానా, పైన కోర్టు ఖర్చులు. మనుషులు పోతే యజమానికి ఎంత ‘నష్టమో’ లెక్కగట్టి వేసిన మొత్తమది.

ఫైర్‌లాండ్స్‌లో కూడా నష్టం లెక్కగట్టారు, ఇక్కడా గట్టారు. రెండుసార్లూ ఎవరి నష్టం నష్టమో చట్టమే తేల్చింది. వయండాట్ల నష్టానికి సరైన పద్దు లేదు. బానిసగా గడిచిన ఏళ్ళకీ లేదు.

అంతర్యుద్ధంలో, ఈ ఊరి ఎదురుగా ఉన్న జాన్సన్స్ ఐలండ్‌లో దక్షిణాది సైన్యాధికారులని ఖైదుచేశారు. అక్కడే పోయినవాళ్ళ సమాధులు 200కి పైనే ఉన్నాయి. మొన్నమొన్నటిదాకా బానిసలు దాటిపోయిన నీళ్ళనే ఇప్పుడు వాళ్ళు కటకటాల వెనక నుంచి చూశారు.

ఈసారి సీడార్ పాయింట్‌కి వెళ్తే, కోస్టర్ దిగాక ఒక గంట ఊళ్ళోకి కూడా వెళ్ళి రండి. రేవు దగ్గర నిలబడి చూడండి. ఆవలి ఒడ్డు కనిపించదు. దాటినవాళ్ళకీ కనిపించలేదు.