అధికారి మౌనం, ఉద్యోగి గడువు: సేవావివాదాలలో అప్పీలు జాప్యానికి న్యాయపరిహారాల పరిణామం

శిక్షకు గురైన ప్రభుత్వోద్యోగి న్యాయస్థానాన్ని ఆశ్రయించే ముందు పై అధికారికి అప్పీలు చేసుకోవడం సేవానిబంధనల క్రమం. ఆ అప్పీలుపై ఉత్తర్వే వెలువడకపోతే ఉద్యోగి రెండు విధాల నష్టపోతాడు. వేచి ఉంటే దావాకు కాలదోషం పడుతుంది. వేచి ఉండకపోతే శాఖాపరమైన మార్గం పూర్తి కాలేదన్న ఆక్షేపణ ఎదురవుతుంది. ఈ చిక్కును భారతీయ న్యాయవ్యవస్థ ఎంతవరకు పరిష్కరించిందన్నది సేవాన్యాయ చరిత్రలో విచారింపదగిన అంశం.

1957, 1958లలో సర్వోన్నత న్యాయస్థానం వెలువరించిన రెండు తీర్పులు ఉద్యోగికి ప్రతికూలమైనవి. మహమ్మద్ నూహ్ కేసులో బర్తరఫు ఉత్తర్వు రాజ్యాంగం అమలుకు ముందు జారీ అయింది. దానిపై రివిజన్ 1950 ఏప్రిల్‌లో తిరస్కృతమైంది. శాఖాధికారుల ఉత్తర్వులు న్యాయస్థానాల డిక్రీల వంటివి కావనీ, తొలి ఉత్తర్వు పై ఉత్తర్వులో విలీనం కాదనీ, అందుచేత 226వ అధికరణం కింద రిట్ చెల్లదనీ న్యాయస్థానం తేల్చింది. కాన్పూరు పురపాలక ఉద్యోగి సీతారామ్ గోయల్ కేసులోనూ గడువును తొలగింపు ఉత్తర్వు నుంచే లెక్కించి, అప్పీలులో గడచిన కాలాన్ని మినహాయించలేదు. అంటే ప్రభుత్వం చేసిన జాప్యపు భారం ఉద్యోగిపై పడింది.

42వ సవరణ 1976లో 323-ఎ అధికరణాన్ని చేర్చగా, దాని ఆధారంగా 1985లో పరిపాలనా ట్రిబ్యునళ్ల చట్టం వచ్చింది. అప్పీలు చేసిన ఆరు నెలలలో తుది ఉత్తర్వు రాకపోతే శాఖాపరమైన మార్గం ముగిసినట్లేనని 20వ సెక్షను నిర్దేశించింది. ఆ ఆరు నెలలు ముగిసినప్పటి నుంచి ఏడాదిలోగా ట్రిబ్యునలును ఆశ్రయించాలని 21వ సెక్షను పేర్కొంది. తగిన కారణం చూపితే ఆలస్యాన్ని మన్నించే వీలును కూడా కల్పించింది.

ట్రిబ్యునళ్ల పరిధిలోకి రాని దావాలకు ఇదే సూత్రాన్ని విస్తరింపజేసింది 1989 నాటి ఎస్.ఎస్. రాథోడ్ కేసు తీర్పు. మధ్యప్రదేశ్ ఉద్యోగి ఒకరు 1966 జనవరిలో బర్తరఫు కాగా, ఆయన అప్పీలును అదే ఏడాది ఆగస్టులో తిరస్కరించారు. 1969 సెప్టెంబరులో వేసిన దావాకు కాలదోషం పట్టిందని కింది న్యాయస్థానాలు భావించాయి. ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం విలీన విషయంలో పాత భేదాన్ని నిరాకరించింది. చట్టబద్ధమైన అప్పీలుపై తుది ఉత్తర్వు వెలువడిన నాడు, లేదా ఆరు నెలలు గడిచిన నాడు వ్యాజ్య కారణం పుడుతుందనీ, అక్కడి నుంచి మూడేళ్ల గడువు ఉంటుందనీ నిర్ణయించింది. నిబంధనలలో లేని వినతిపత్రాలను ఎన్నిసార్లు సమర్పించినా గడువు పెరగదనీ స్పష్టం చేసింది. ఆ దావా గడువులోపే దాఖలైందని తేలడానికి బర్తరఫు నాటి నుంచి ఇరవైమూడేళ్లు పట్టింది.

ఈ పరిణామంలో తెలుగు ప్రాంతానికీ పాత్ర ఉంది. 323-ఎ రాకముందే, 1973 నాటి 32వ సవరణ ద్వారా చేరిన 371-డి అధికరణం ఆంధ్రప్రదేశ్‌కు ప్రత్యేక పరిపాలనా ట్రిబ్యునలుకు వీలు కల్పించింది. ట్రిబ్యునలు ఉత్తర్వును మార్చే, రద్దుచేసే అధికారాన్ని ఆ అధికరణం రాష్ట్ర ప్రభుత్వానికే ఇచ్చింది. కక్షిదారే తీర్పును తిరగరాయడం చట్టపాలనకు విరుద్ధమని సాంబమూర్తి కేసులో సర్వోన్నత న్యాయస్థానం ఆ నిబంధనను కొట్టివేసింది. ఆంధ్రప్రదేశ్ రోడ్డు రవాణా సంస్థకు సంబంధించిన 2006 నాటి శ్రీనివాసరెడ్డి కేసులో 'పరిశీలించండి' అన్న ఆదేశపు అర్థాన్నీ పరిమితులనూ వివరించింది. అధికారి నిర్ణయమే తీసుకోనప్పుడు అటువంటి ఆదేశం ఉచితమే. అయితే దానివల్ల కలిగే దుష్ఫలితాన్ని 2008 నాటి సి. జాకబ్ కేసు చూపింది. ఎన్నో ఏళ్ల తరువాత ఇచ్చిన వినతిని పరిశీలించమని ఆదేశిస్తే, వచ్చే తిరస్కారమే కొత్త వ్యాజ్య కారణంగా చలామణీ అయ్యే ప్రమాదం ఉంది.

ఈ క్రమాన్ని పరిశీలిస్తే ఒక అసమానత కనిపిస్తుంది. ఆరు నెలల నియమం ఉద్యోగికి న్యాయస్థాన ద్వారం తెరిచింది. కానీ ఆ గడువు ముగియగానే కాలం లెక్కలోకి వచ్చేది ఉద్యోగికే. ఉత్తర్వు ఇవ్వని అధికారికి ఆ సెక్షన్లు ఏ పర్యవసానాన్నీ విధించలేదు. కనుక 1957 నుంచి 2008 వరకు మారినది జాప్యపు ఫలితమే తప్ప, జాప్యానికి బాధ్యత కాదు.