ఆలోచనల జియాలజీ: అమరావతిలో ఒక చర్మకారుడి రాయి

తిరుపతి నుంచి తిరుమల ఎక్కే ఘాట్ రోడ్డు పక్కన, కొండను చెక్కిన చోట, రెండు రకాల రాయి ఒకదాని మీద ఒకటి కనిపిస్తుంది. కింద పాత గ్రానైటు జాతి రాయి, పైన క్వార్ట్‌జైట్. రెండూ అతికించినట్టే ఉంటాయి. కానీ వాటి వయసుల మధ్య తేడా దాదాపు 80 కోట్ల ఏళ్లు. ఆ మధ్య కాలపు పొరలు అక్కడ లేవు. జియాలజీ వాళ్లు దీన్ని ఎపార్కియన్ అన్‌కన్ఫార్మిటీ అంటారు. జాతీయ భౌగోళిక స్మారకంగా కూడా గుర్తించారు. రోజూ వేలమంది దాని పక్కనుంచే వెళ్తారు.

జనం ఆలోచనల్ని కూడా ఇలా పొరలుగా చదివే శాస్త్రం ఒకటి ఉంటే బాగుండునని నాకు ఎప్పటినుంచో ఉంది. ఏ యూనివర్సిటీలోనూ అలాంటి డిపార్ట్‌మెంట్ లేదు. ఉందనుకుందాం. ఆ శాస్త్రం చదివినవాడు "ఇది తాతల నాటి నుంచీ ఇంతే" అనే మాట వింటే ఊరుకోడు. ఎన్ని తరాల తాతలు, మూడా, ముప్పయ్యా అని అడుగుతాడు. కనిపించే పొరల్ని లెక్కపెట్టి వదిలేయడు. మధ్యలో ఏది లేదో చూస్తాడు.

ఇది నాకెందుకంటే, సభలకు వెళ్లినప్పుడు మన పిల్లలు పక్కకు పిలిచి అడిగే ప్రశ్న ఒకటే. "అన్నా, మనం మొదటి నుంచీ ఊరి బయటేనా?"

అమరావతి వెళ్దాం. అక్కడి స్తూపానికి దానాలిచ్చినవాళ్ల పేర్లు పల్నాటి సున్నపురాయి మీద ప్రాకృతంలో చెక్కి ఉన్నాయి. వాటిలో ఒకటి విధికుడిది. వృత్తి చర్మకారుడు. తండ్రి నాగుడు, ఉపాధ్యాయుడు. తల్లి, భార్య, అన్నదమ్ములు, కొడుకు, కూతుళ్లు, బంధువులు అందరితో కలిసి విధికుడు స్తూపానికి ఒక పలక ఇచ్చాడు. దాని మీద పూర్ణఘటం. రెండు వేల ఏళ్లకు కాస్త అటూ ఇటూగా జరిగిన సంగతి ఇది. తోలుపని చేసేవాడు తన వృత్తిని దాచకుండా, ఇంటిల్లిపాదినీ వెంటబెట్టుకుని, అంత పవిత్రమైన చోట రాయి మీద నిలబడ్డాడు. తండ్రి చదువు చెప్పేవాడు, కొడుకు తోలు పని చేసేవాడు. ఈ ఒక్క వాక్యం మీద నేను చాలా రోజులు ఆగిపోయాను.

అయితే వెంటనే స్వర్ణయుగం అని డప్పు కొట్టొద్దు. ఒక్క శాసనంతో యుగం తేలదు. పైగా మనుస్మృతి తయారైన కాలం కూడా పండితుల లెక్కల్లో దీనికి దగ్గరగానే వస్తుంది. అందులో చండాలురు ఊరి బయట ఉండాలని రాశారు. రెండూ పక్కపక్క కాలాలవే ఎలా అవుతాయి? జియాలజీలో దీనికి జవాబుంది. ఒకే కాలంలో ఒడ్డున ఇసుక పేరుకుంటుంది, లోతు నీటిలో బురద పేరుకుంటుంది. మనువు రాసినంత మాత్రాన దేశమంతా ఆ బురదే ఉందనుకోనక్కర్లేదు.

విధికుడి పొరకూ మన మాదిగవాడ పొరకూ మధ్య ఏమైంది? రాళ్లను గాలీ వానా అరగదీస్తాయి. ఇక్కడ మనుషుల చేతులు పడ్డాయి. పద్దెనిమిదో శతాబ్దం చివర వాసిరెడ్డి వెంకటాద్రి నాయుడు అమరావతిలో కొత్త పట్నం కట్టేటప్పుడు స్తూపం రాళ్లను కట్టడాలకు వాడారు. 1797లో కోలిన్ మెకంజీ వచ్చి చూశాడు. సున్నపురాయి కదా, కొన్ని పలకల్ని కాల్చి సున్నం చేశారు. ఎవరెవరి పేర్లు సున్నమైపోయాయో! మిగిలినవాటిలో చాలా భాగం చెన్నైలో, లండన్‌లో ఉన్నాయి.

అప్పటికి జనం ఆ స్తూపాన్ని దీపాలదిన్నె అనేవారు. బుద్ధుడి పేరు పోయి, దీపం మిగిలింది. భట్టిప్రోలులో అదీ మిగల్లేదు. 1892లో అలెగ్జాండర్ రే బుద్ధుడి ధాతువుల పేటికలు బయటికి తీసిన స్తూపానికి ఊరివాళ్ల నోట ఉన్న పేరు లంజదిబ్బ. ఒత్తిడికీ వేడికీ రాయి వేరే రాయిగా మారిపోతుందంటారే, ఇది అలాంటిదే. గౌరవించిన చోటే తిట్టుగా మారింది.

ఈ తవ్వకం మనవాళ్లు ఎప్పుడో మొదలుపెట్టారు, పేరే పెట్టలేదు. ఫూలే 1873లో 'గులాంగిరి'లో అవతార కథలను దండయాత్రల ఆనవాళ్లుగా చదివి, కింద బలిరాజును చూపించాడు. 1917లో బెజవాడలో భాగ్యరెడ్డి వర్మ అధ్యక్షత వహించిన సభ 'పంచమ' అనే మాటను వదిలి 'ఆది ఆంధ్ర' అనుకుంది. ఐదోవాళ్లం కాదు, అడుగు పొర మాది అని. బాబాసాహెబ్ 1948లో అంటరానితనానికి ఏకంగా తేదీ వేశారు, క్రీ.శ. 400 ప్రాంతమని. ఆ తేదీతో మీరు ఏకీభవించకపోవచ్చు. కానీ తేదీ వేశాక అది ఇక సనాతనం కాదు. దానికి ముందొక రోజు ఉంది. సాక్ష్యం తెగిన చోట ఊహతో వంతెన వేసే హక్కు చరిత్రకారుడికి ఉందని ఆ పుస్తకం ముందుమాటలోనే వాదించారు.

2018లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం కొత్త రాజముద్ర ఎంచుకుంది. అమరావతి శిల్పశైలి, మధ్యలో పూర్ణఘటం. ఈసారి మీ చేతికి ఆ ముద్ర ఉన్న కాగితం వస్తే పిల్లలకు చూపించండి. అలాంటి ఘటాన్నే చెక్కించి స్తూపానికి ఇచ్చినవాళ్లలో ఒకాయన చర్మకారుడని, పేరు విధికుడని, వాళ్ల నాన్న పంతులని చెప్పండి.

వచ్చే భాగం దిబ్బల పేర్ల మీద. మీ ఊళ్లో పాత దిబ్బ ఉంటే, ముసలివాళ్లు దాన్ని ఏమని పిలుస్తారో అడిగి, తిట్టయినా సరే, ఉన్నదున్నట్టు రాసి పంపండి.