సహకార సంఘము మూతపడినప్పుడు

భారతదేశమున సహకార సంఘములకు పుట్టినిల్లేదని అడిగినచో మనవారు మదరాసు పేరు చెప్పుదురు. గ్రామ పరపతి సంఘములను గూర్చి ఫ్రెడరిక్ నికల్సన్ తన నివేదికను సమర్పించినది మదరాసు ప్రభుత్వమునకే గనుక ఆ మాటలో కొంత నిజము కలదు. కాని ఆ సంఘములకు చట్టరూపము నొసగిన పట్టణము కలకత్తా. 1904 నాటి సహకార పరపతి సంఘముల చట్టమును, దాని స్థానమున వచ్చిన 1912 నాటి సహకార సంఘముల చట్టమును, రాజధాని ఢిల్లీకి తరలిపోకమునుపు గవర్నరు జనరలు శాసనసభ ఇచ్చటనే ఆమోదించెను. సంఘమెట్లు పుట్టవలెనో చెప్పిన ఆ చట్టమే అదెట్లు ముగియవలెనో కూడ చెప్పినది. మొదటి సంగతి సహకార వారోత్సవములలో ఏటేట వినుచునే యుందుము. రెండవదానిని ఎత్తువారు అరుదు.

సంఘము లిక్విడేషనుకు పోయినదనగానే ‘ఐ.పి. పెట్టినది’ అని మన జనులు చెప్పుకొందురు. ఇది పొరపాటు. ఐ.పి. పెట్టినవాడు అప్పులనుండి విముక్తిని కోరి న్యాయస్థానమున కేగును. సహకార సంఘము ముగిసినచో దానికి బాకీపడిన సభ్యునికి విముక్తి లేదు సరిగదా, బాకీ లేని సభ్యుని మెడకు సైతము కొత్త బాకీ చుట్టుకొనవచ్చును.

వ్యాపార కంపెనీ కూలినచో దాని వ్యవహారము హైకోర్టు పరిశీలించెడిది (2016 తరువాత ఆ పని కంపెనీ లా ట్రిబ్యునలునకు మారినది). సహకార సంఘముల మార్గము వేరు. 1912 చట్టము ననుసరించి రిజిస్ట్రారు విచారణ జరిపి రిజిస్ట్రేషనును రద్దు చేయును. సభ్యులు రెండు నెలలలోగా అప్పీలు చేసికొనవచ్చును. అటుపిమ్మట లిక్విడేటరు వచ్చును. ఎవరి అప్పు ముందు తీర్పవలెనో, ఏ సభ్యుడెంత చెల్లింపవలెనో, ఖర్చు లెవరు భరింపవలెనో నిర్ణయించువాడు అతడే. సాక్షులను పిలిపించు అధికారము అతనికి కలదు. అతని ఉత్తరువును సివిలు కోర్టు తన డిక్రీవలెనే అమలు జరుపవలెను. ఇంతచేసి, 42వ సెక్షను చివర, సంఘము రద్దుకు సంబంధించిన ఏ విషయమునందును, చట్టము స్పష్టముగా అనుమతించినంత మేర తప్ప, సివిలు కోర్టుకు అధికారము లేదని వ్రాసినారు. అనగా కోర్టు అమీనా లిక్విడేటరు పక్షమున సభ్యుని ఇంటికి రావచ్చును గాని, సభ్యుడు తన మొరతో ఆ కోర్టు మెట్లెక్కరాదు.

దీనికొక హేతువు లేకపోలేదు. పది, ఇరువది రూపాయల వాటా గల రైతులు వకీళ్ళకు ఫీజులిచ్చుకొనుచు ఏండ్లతరబడి వ్యాజ్యమాడినచో మిగిలిన ఆస్తి కూడ హరించిపోవును. తగవు త్వరగా, చౌకగా తీరవలెనని శాసనకర్తల యూహ. ఉద్దేశము మంచిదే. కాని ఆ గ్రామసంఘములలో సభ్యుల బాధ్యతకు మితి లేదు. 1930 ప్రాంతమున ప్రపంచ మాంద్యములో జనుము ధర పడిపోగా, బెంగాలు రైతు బాకీలు తీర్పలేక చతికిలబడెను. అట్టి సంఘము మూతపడినచో లిక్విడేటరు లోటును సభ్యులందరిపై పంచును. ఏమియు లేనివానినుండి ఏమియు రాదు. రానిదానిని మరల ఉన్నవానిపై వేయును. వాయిదా తప్పక చెల్లించి, నాలుగెకరములు నిలుపుకొన్నవాడే చివరకు పొరుగువాని అప్పు మోసెను. సంఘమును వదలినవాని బాధ్యత రెండేండ్లు, మృతుని ఆస్తిపై బాధ్యత ఒక యేడు సాగును. నిజాయితీకి ఇంతకన్న విపరీతమైన బహుమానము ఊహించుట కష్టము.

మూసిన తలుపునకు సందు చేసినది వేరొక వ్యాజ్యము. మదరాసు రాష్ట్రమునుండి వెళ్ళిన మాస్క్ కంపెనీ కేసు వక్కలపై సుంకమునకు సంబంధించినది. సహకార సంఘములతో దానికి పొత్తులేదు. అయినను 1940లో ప్రీవీ కౌన్సిలు అందొక సూత్రము చెప్పినది: చట్టము సివిలు కోర్టును దూరముంచినను, అధికారి ఆ చట్టమునే పాటింపకున్నను, న్యాయవిచారణ మూలసూత్రములను విడిచినను, కోర్టు పరిశీలింపవచ్చును. 1950లో రాజ్యాంగపు 226వ అధికరణము హైకోర్టులకు రిట్టు అధికార మిచ్చెను. సభ్యుడు కానివానిని సభ్యుడని, నోటీసు లేకయే సొమ్ము విధించిన లిక్విడేటరు ఇక జవాబు చెప్పుకొనవలసినవాడే.

ఈ నగర ఆంధ్రులకు ఇంకొక చిక్కు కలదు. గార్డెన్ రీచిలో ప్రధాన కార్యాలయము గల బెంగాలు నాగపూరు రైల్వే ఖరగ్‌పూరుమీదుగా వాల్తేరువరకు సాగినది. ఇట్టి సంస్థ ఉద్యోగుల సంఘమునకు సభ్యులు అనేక రాష్ట్రములలో నుందురు. అది ఏ రిజిస్ట్రారు అధీనము? 1940 బెంగాలు చట్టమునకు ఆ రాష్ట్రపు సరిహద్దే ఎల్ల. అందుకే 1942లో బహుళ రాష్ట్ర సంఘములకు కేంద్రచట్టము వచ్చెను. 1984, 2002 సంవత్సరములలో దానిని తిరుగవ్రాసిరి. అట్టి సంఘమును ముగించు ఉత్తరువు నేడు ఢిల్లీలోని కేంద్ర రిజిస్ట్రారుది. పశ్చిమ బెంగాలు పరిధిలోని సంఘములకు 2006 నాటి రాష్ట్రచట్టము వర్తించును. కావున రసీదుపై సంఘము పేరు క్రింద ఏ చట్టము ముద్రింపబడినదో చూచుకొనుట వృథాశ్రమ కాదు.

2001లో హైదరాబాదు ప్రాంతమున కృషి సహకార పట్టణ బ్యాంకు కూలినప్పుడు డిపాజిటుదారులకు భీమా హామీ ఒక లక్ష రూపాయలవరకే. 2020 ఫిబ్రవరినుండి అది అయిదు లక్షలైనది. కాని ఈ భీమా బ్యాంకులకే. ఉద్యోగుల పరపతి సంఘము బ్యాంకు కాదు. జీతమునుండి నెలనెల కోతపడు పొదుపుసొమ్మునకు ఆ రక్షణ లేదు. సంఘము ముగిసినచో బయటి ఋణదాతలు, డిపాజిటుదారులు ముందు నిలుతురు, వాటాసొమ్ము కడపట. స్నేహితుని అప్పునకు జామీను సంతకము చేసినవాని సంతకము మాత్రము సంఘముతోపాటు చావదు. లిక్విడేటరు దానిని చేతబట్టుకొని వచ్చును.