బిడ్డకు తండ్రి ఎవరు?



పల్నాటి వీరుల కథ మనకు ఉగ్గుపాలతో తెలిసినదే. కారెంపూడిలో దాయాదులు పోరాడిన సంగతి చెప్పుకుంటాం గాని, కన్నకొడుకు బాలచంద్రుడు ఉన్నా, బ్రహ్మనాయుడు మరో కులంవాడైన కన్నమదాసును కొడుకుగా చేరదీసిన మాట అంతగా తలచుకోం. తండ్రితనమంటే నెత్తురా, బాధ్యతా? నరసరావుపేట కోర్టయినా, గురజాల కోర్టయినా, భరణం దావాలో భర్త "ఈ బిడ్డ నాది కాదు" అన్నాడంటే ఎదురయ్యేది ఈ ప్రశ్నే!

తెల్లవారి పాలనలో, 1872లో వచ్చిన సాక్ష్య చట్టం 112వ సెక్షను దీనికొక జవాబు చెప్పింది. చెల్లుబాటయ్యే పెళ్ళి నిలిచి ఉండగా పుట్టినా, అది రద్దయిన 280 రోజుల లోపల తల్లి మళ్ళీ పెళ్ళాడకుండా ఉండగా పుట్టినా, ఆ బిడ్డ ఆ భర్త బిడ్డే. కాదంటే, బిడ్డ కడుపున పడ్డ రోజుల్లో ఆలుమగలు కలుసుకునే వీలే లేదని రుజువు చెయ్యాలి. ఏ పాపమూ ఎరుగని పసివాడికి చెడ్డపేరు రాకూడదనే ఈ ఏర్పాటు. 2024 జూలై 1న అమలులోకి వచ్చిన భారతీయ సాక్ష్య అధినియమంలోనూ 116వ సెక్షనుగా ఇదే మాట ఉంది.

తరువాత సైన్సు వచ్చింది. 1984లో ఇంగ్లండులో అలెక్ జెఫ్రీస్ డి.ఎన్.ఎ. వేలిముద్రల పద్ధతి కనిపెట్టాడు. 1988 నాటికి మన హైదరాబాదు సి.సి.ఎం.బి.లో లాల్జీ సింగ్ సొంతంగా ఆ విద్య సాధించారు. సూత్రం తేలికే. బిడ్డలోని గుర్తులు సగం తల్లివి, సగం తండ్రివి. తల్లివి తీసేస్తే మిగిలినవి తండ్రిలో కనపడి తీరాలి.

కేరళలోని తలశ్శేరిలో ఒక తల్లి బిడ్డ పోషణకు దావా వేస్తే, ఆ మనిషి తండ్రిని కానన్నాడు. ముగ్గురి రక్తమూ హైదరాబాదులో పరీక్షిస్తే అతడే తండ్రని తేలింది. 1989లో కోర్టు ఆ సాక్ష్యం ఒప్పుకుంది. 2012లో, మన రాష్ట్రానికి గవర్నరుగా చేసిన ఎన్.డి. తివారీయే రోహిత్ శేఖర్‌కు తండ్రి అని తేల్చిందీ హైదరాబాదు పరీక్షే.

అయితే అదే కత్తి రెండోవైపూ తెగుతుంది కదా! అనుమానపు మొగుడు అడిగినప్పుడల్లా బిడ్డ రక్తం తీస్తే ఆ పసివాడి గతేమిటి? అందుకే సుప్రీంకోర్టు 1993లో, ఇలాంటి పరీక్షకు ఊరికే ఉత్తరువు ఇవ్వరాదని, బలవంతాన రక్తం తీయరాదని చెప్పింది. 2014లో మాత్రం, అప్పటికే జరిగిన పరీక్షలో భర్త తండ్రి కాడని తేలితే, ఊహ కన్న నిజమే మేలంది. 2023లో మళ్ళీ, భార్య తప్పు నిరూపించటానికి బిడ్డను సాధనం చేసుకోరాదని గట్టిగా చెప్పింది.

కనుక అక్కయ్యలూ, చెల్లెళ్ళూ, "పరీక్ష చేయిస్తాను" అని ఎవరైనా బెదిరిస్తే హడలిపోవద్దు. కోపంలో కాగితాలమీద సంతకాలు పెట్టవద్దు. బిడ్డ పుట్టిన తేదీ పత్రం, పెళ్ళి రుజువులు, కాపురం ఎక్కడ చేశారో తెలిపే కాగితాలు భద్రం చేసుకోండి. 1987 నాటి చట్టం ప్రకారం, ఆదాయంతో నిమిత్తం లేకుండా ఆడవారికి ఉచిత న్యాయసహాయం ఉంది. కోర్టులోని న్యాయసేవా సంస్థలో అడగండి. పరీక్ష కావాలో వద్దో నిర్ణయించేది న్యాయమూర్తి. అప్పటిదాకా మీ బిడ్డను మాటనే హక్కు వీధిలో ఎవరికీ లేదు.